యాలకుల వాసన వస్తే గంట మోగుతుంది

రెయినో హక్కలా నోట్లో నువ్వుగింజ నానదని కెటిల్ లేక్ బడిలో ఒకటో తరగతి పిల్లలకి కూడా తెలుసు. తెలియనివాడు రెయినో ఒక్కడే. తనంత గుట్టుమనిషి ఉత్తర మిన్నెసోటా మొత్తం గాలించినా దొరకడని ఆయన గట్టి నమ్మకం.

బడిని వెచ్చబెట్టే బాయిలర్ చూసుకోవడం, మెట్ల మీద మంచు ఎత్తడం, పిల్లల ఊడిపోయిన పాలపళ్లు వెతికిపెట్టడం ఆయన పనులు. ప్రిన్సిపాల్ డ్రోబ్నిక్ వీటితో పాటు ఇంకో పని కూడా అప్పజెప్పాడు. నెలకోసారి చెప్పాపెట్టకుండా అగ్గి గంట కొట్టాలి. గంట మోగగానే బడి బడంతా నిజంగా నిప్పంటుకున్నట్టే వరుసగా దిగి జెండా కర్ర దగ్గరికి చేరాలి. ఏ రోజు, ఏ వేళ అన్నది రెయినోకి తప్ప ప్రిన్సిపాల్‌కి కూడా తెలియకూడదు.

ఆ రహస్యాన్ని దాచడానికి రెయినో పడని పాట్లు లేవు. తేదీని తన తాతల ఫిన్లాండు భాషలో చీటీ మీద రాసి, చీటీని మడిచి టోపీలో పెట్టి, టోపీని తలమీదనుంచి తీసేవాడు కాదు. గంట ఉన్న రోజు పొద్దున్నే టీచర్ల గదిలోకి వచ్చి, ఎవరూ అడక్కపోయినా, "ఈ నెల గంట ఉండకపోవచ్చు," అని ప్రకటించేవాడు. ఆ మాట అంటున్నప్పుడు ఆయన చేతిలో ఒక పళ్లెం ఉండేది. పళ్లెంలో జడలా అల్లిన యాలకుల రొట్టె, పైన పంచదార పలుకులు.

గంట ఉన్న రోజే రొట్టె, రొట్టె ఉన్న రోజే గంట. ఆయన గంట కొట్టడం మొదలుపెట్టి ఇరవయ్యేళ్లు. రొట్టె తేవడం మొదలుపెట్టి పదకొండేళ్లు. ఈ పదకొండేళ్లలో లెక్క ఒక్కసారీ తప్పలేదు.

మూడో తరగతి టీచరు వెర్నా స్కూబిక్‌కి ఆయన్ని ఓ పూట ఏడిపించకపోతే తన నల్ల కాఫీ గొంతు దిగేది కాదు.

"రెయినో, ఇవాళ గంట ఎన్నింటికి?"

"ఏ గంట?"

"అదే, ఈ రొట్టె గంట."

"రొట్టెకీ గంటకీ ఏంటి సంబంధం టీచరమ్మా? మా చెల్లెలు ఊరికే ఉండలేక చేస్తుంది, నేను తెస్తా. తినండి, మాట్లాడకండి."

"తింటూనే ఉన్నాను. పొద్దున్నా, మధ్యాహ్నమా, అది చెప్పండి చాలు."

"చెప్పను. పీక కోసినా చెప్పను." అలా అని గోడ గడియారం వంక చూసి, "పదిన్నరలోపు మాత్రం బాత్రూముకి వెళ్లొచ్చేయండి," అనేవాడు.

చలికాలంలో ఈ వ్యవహారం మరీ ముదిరేది. గంట మోగాక కోటు వేసుకునే తీరిక ఉండదు. బయట చూస్తే ఎముకలు కొరికే చలి. అందుకని యాలకుల వాసన మెట్లెక్కి రాగానే పిల్లలు ఒక్కొక్కరే లేచి కోట్లు తొడుక్కుని, టోపీలు లాక్కుని, చేతులకి ఉన్ని తొడుగులు వేసుకుని, ఆ తొడుగులతోనే పెన్సిల్ పట్టుకుని కూడికలు చేసేవాళ్లు. ఆ రోజు నోటు పుస్తకాల్లో అంకెలు కోడి కెలికినట్టు ఉండేవి.

గంట రోజుల్లో వెర్నాకి గొప్ప పేరు. హాజరు పట్టీ చంకన పెట్టుకుని, పిల్లల్ని లెక్కపెట్టి పంపి, లైటు ఆర్పి, తలుపు మూసి, అందరికన్నా ఆఖర్న రాణిగారిలా మెట్లు దిగేది. "వెర్నాది ఉక్కుగుండె. నిజంగా నిప్పంటుకున్నా జుట్టు సరిచేసుకుని మరీ వస్తుంది," అనేవాడు డ్రోబ్నిక్. వెర్నా వినయంగా తల వంచుకుని వినేది. లోపల మాత్రం ఉబ్బితబ్బిబ్బయ్యేది.

ఆ ఉక్కుగుండె అసలు కథ వేరు. వెర్నా ఉద్యోగంలో చేరిన మొదటి నెలలో గంట మోగింది. ఆ గంట సరిగ్గా ఆమె గది గుమ్మం పైనే ఉంటుంది. అది గణగణమన్న క్షణంలో వెర్నా పరిగెత్తింది. ఇరవయ్యారు మంది పిల్లల్నీ, బార్లా తెరిచిన తలుపునీ వదిలేసి, చేతిలో సుద్దముక్కతో మెట్లన్నీ దూకి, జెండా కర్రని వాటేసుకుని ఆగింది. పద్ధతి ఇదే కాబోలనుకుని పిల్లలు ఆమె వెనకే వరుసగా పరిగెత్తారు. డ్రోబ్నిక్ గడియారం చూసుకుని, అందరికన్నా ముందొచ్చిన తరగతి అని ఆ సాయంత్రమే ప్రశంసాపత్రం రాసిచ్చాడు. వెర్నా దానికి పటం కట్టించి గోడకి తగిలించింది. మర్యాద కోసం ఓ వారం సిగ్గుపడి, ఆ తర్వాత పటంలో రాసిందే నిజమని తానూ నమ్మేసింది.

ఆ పరుగులో ఆమె ఎడమ బూటు ఎక్కడో ఊడిపోయింది. సాయంత్రం రెయినో దాన్ని తెచ్చి బల్లమీద పెట్టాడు.

"మెట్ల మీద దొరికింది టీచరమ్మా. పిల్లి ఈడ్చుకెళ్లుంటుంది."

వెర్నాకి పోయిన ప్రాణం లేచొచ్చింది. ఎంత మంచి పిల్లి! ఆ మర్నాటినుంచి భోజనాల గదిలో మిగిలిన పాలు ఓ సాసర్లో పోసి మెట్ల కింద పెట్టడం మొదలుపెట్టింది. పొద్దున్నకల్లా సాసరు ఖాళీ. పిల్లి ఎన్నడూ కంటపడలేదు గాని, పాలైతే తాగుతోంది కదా అని ఆమె సంతృప్తి.

అలా పదకొండేళ్లు హాయిగా గడిచాక, ఓ జనవరి పొద్దున రాష్ట్ర ప్రభుత్వం తరఫున డాగ్నీ ఓస్ట్‌బీ అనే అగ్నిమాపక ఇన్‌స్పెక్టరు తనిఖీకి వచ్చింది. ఖర్మకాలి అది రొట్టె రోజు. ఆవిడ మూడో తరగతిలో అడుగుపెట్టేసరికి వెచ్చటి గదిలో ఇరవై నలుగురు పిల్లలు కోట్లు, టోపీలు, తొడుగులతో కుర్చీల అంచున కూర్చుని గుమ్మం వైపే చూస్తున్నారు. ముందు వరసలో ఐలా అనే పిల్లని పలకరించింది ఆవిడ.

"కోటెందుకమ్మా? జ్వరమా?"

"లేదండీ. గంట కొడతారు."

"ఎవరు చెప్పారు?"

"రొట్టె."

కాసేపటికి గంట మోగింది. నిమిషం నలభై సెకన్లలో బడి ఖాళీ అయిపోయింది. ఓస్ట్‌బీ మాత్రం పెదవి విరిచింది. అందర్నీ ప్రిన్సిపాల్ గదికి పిలిపించింది.

"మీరు చేసేది నాటకం. పై అంతస్తుకున్నవి చెక్క మెట్లు. నిప్పు పుట్టేముందు అది మీకు రొట్టె పంపదు. నెల తిరిగేలోపు మళ్లీ వస్తాను. గంట నేనే కొడతాను. రెండున్నర నిమిషాల్లో ఒక్క పిల్ల కూడా మిగలకుండా బయటికి రావాలి. రాలేదో, పై అంతస్తు మూయిస్తాను. మూడు, నాలుగు తరగతులు రోజూ బస్సెక్కి ముప్పై అయిదు మైళ్లు పోయి చదువుకోవాలి."

ఆవిడ కారు గేటు దాటగానే అందరూ రెయినో మీద పడ్డారు. అందరికన్నా పెద్ద గొంతు వెర్నాది.

"మీకు దణ్ణం పెడతాను రెయినో. ఇక రొట్టె వద్దు. రొట్టె కాదు, యాలక్కాయ తొక్క కూడా ఈ ఛాయలకి రానివ్వకండి."

అందర్నీ వదిలేసి రెయినో ఆమె ఒక్కదాన్నే అడిగాడు. "నిజంగా వద్దా టీచరమ్మా?"

"నిజంగానే. నా బెంగంతా నోరు కట్టుకోలేని మీ గురించే. నాకేం, నేనెప్పుడూ సిద్ధమే."

రెయినో టోపీ సర్దుకున్నాడు. "సరే మరి," అన్నాడు.

సిద్ధమే అన్న మనిషికి మర్నాడు పొద్దున్నే ముక్కు పని చెయ్యడం మొదలుపెట్టింది. వాసన లేదు. వాసన లేదంటే ఇదివరకు గంట లేదని అర్థం. ఇప్పుడు వాసన లేదంటే గంట ఎప్పుడైనా మోగొచ్చని అర్థం. గుమ్మం పైనున్న అంత పెద్ద గంట పదకొండేళ్ల తర్వాత మళ్లీ కనబడింది. ఎవరి పెన్సిలో కిందపడితే వెర్నా జానెడు ఎగిరిపడేది. మళ్లీ పరిగెడితే? పై అంతస్తు పోవడం సంగతి అలా ఉంచితే, వెనక ఒక పిల్ల మిగిలిపోతే? ఆ ఊహకే ఆమెకి అన్నం సయించలేదు. గోడ మీది ప్రశంసాపత్రాన్ని తీసి బీరువాలో పెట్టేసింది.

ఇది చాలదన్నట్టు రెయినో ఒకడు. ఆమె గది తలుపు కిర్రుమంటోందని చెప్పి, మరలు, స్క్రూడ్రైవరు, పీట పట్టుకొచ్చి గుమ్మంలో బైఠాయించాడు. ఓ రోజు, రెండు రోజులు, వారం.

"ఉన్నవి మూడు మడతబందులు. వాటికి వారమేంటి రెయినో?"

"ముసలి తలుపు టీచరమ్మా. బతిమాలి ఒప్పించాలి."

తొమ్మిదో రోజుకి ఏడో ఎక్కం పిల్లలకన్నా ముందు రెయినోకే కంఠతా వచ్చేసింది.

పదో రోజు లెక్కల పీరియడ్లో గంట మోగింది.

వెర్నా కెవ్వుమంది. సుద్దముక్క చేతిలోనే ఉంది. కాళ్లు ఆమెని అడగకుండానే బయల్దేరాయి. గుమ్మం దాకా వెళ్లేసరికి అడ్డంగా రెయినో. పక్కకి జరగలేదు.

"టీచరమ్మా," అన్నాడు, వాన పడుతోందని చెప్పినంత మామూలుగా. "ముందు పిల్లలు. మీరు లెక్కపెట్టండి, నేను వింటా."

ఆ హోరులో ఆ గొంతు ఎలా వినబడిందో గాని, వెర్నా వెనక్కి తిరిగింది. రెయినో పక్కకి తప్పుకున్నాడు. ఒకటి, రెండు, మూడు. మొదట్లో అంకెలు తడబడ్డాయి. పదికి గాడిలో పడ్డాయి. ఇరవై మూడు దగ్గర లెక్క ఆగిపోయింది. ఇరవై నాలుగో పిల్ల లేదు.

"ఐలా!"

కోట్లు తగిలించే అరలో, కోట్ల వెనక, రెండు చెవులూ మూసుకుని ముడుచుకుని ఉంది ఐలా.

"రా తల్లీ, పోదాం."

"రాను. రొట్టె రాలేదు. వాసన రాకుండానే గంట కొట్టేశారు. నాకు భయం."

వెర్నా ఆ పిల్ల ముందు మోకాళ్ల మీద కూర్చుంది. అబద్ధం అల్లే తీరిక లేదు. "నాకూ భయమే."

"మీకా?"

"చచ్చేంత. ఇందాక నా కేక వినలేదూ?"

"అది మీరా? నేను కుర్చీ అనుకున్నా."

"నేనే. రా, ఇద్దరం భయపడుతూనే దిగుదాం."

ఐలా చెయ్యి పట్టుకుని, లైటు ఆర్పి, తలుపు మూసి, అందరికన్నా ఆఖర్న దిగింది వెర్నా. తలుపు చప్పుడు కూడా చెయ్యలేదు. జెండా కర్ర దగ్గర ఓస్ట్‌బీ గడియారం ఆపింది. రెండు నిమిషాల ఇరవై రెండు సెకన్లు.

"ఆఖర్న వచ్చిన టీచరు పద్ధతి బాగుంది," అందావిడ.

"వెర్నాది ఉక్కుగుండె అండీ," అన్నాడు డ్రోబ్నిక్ పొంగిపోతూ.

"కాదండీ," అంది ఐలా. "మా టీచరుకి చచ్చేంత భయం."

అందరూ గొల్లుమన్నారు. కాస్త ఆలస్యంగా వెర్నా కూడా నవ్వింది.

మధ్యాహ్నం ఆమె బాయిలర్ గదికి వెళ్లింది. రెయినో కాఫీ కలుపుకుంటున్నాడు.

"నా తలుపు అసలు కిర్రుమందా రెయినో?"

"లేదు."

"మరి తొమ్మిది రోజులు ఏం చేశారు?"

"పొద్దున ఓ మర విప్పా, సాయంత్రం అదే మర బిగించా."

"నేను పరిగెడతానని మీకెలా తెలుసు?"

"బూటు," అన్నాడు రెయినో.

"అది పిల్లి కదా!"

"ఈ బళ్లో పిల్లి ఎక్కడుంది టీచరమ్మా?"

"మరి పాలు?"

రెయినో తన కాఫీ కప్పు వంక చూసుకున్నాడు. పక్కనే ఆమె సాసరు ఉంది. "మంచి పాలు," అన్నాడు.

వెర్నా పీట మీద చతికిలబడింది. ఒక్కొక్కటే ఇప్పుడు అర్థమవుతోంది. బూటు దొరికిన మరుసటి నెలే కదా మొదటి రొట్టె వచ్చింది! "అయితే ఆ రొట్టె... మీ చెల్లెలు..."

"నాకు చెల్లెళ్లు లేరు."

"నాతో నేరుగా చెప్పేయొచ్చుగా, ఫలానా రోజు గంటని?"

"ఎలా చెప్తా? చెప్పనని ప్రిన్సిపాల్‌కి మాటిచ్చా. నోటితో ఎప్పుడైనా చెప్పానా?" అన్నాడు రెయినో రోషంగా.

గంట సంగతి ఒక్క పూట దాచలేని మనిషి, బూటు సంగతి పదకొండేళ్లు దాచాడు. ఆయన నోట్లో నువ్వుగింజ నానదని ఊరంతా చాటింది తానే. వెర్నాకి సిగ్గు ముంచుకొచ్చింది, దాని వెంటే నవ్వూ వచ్చింది. రెండూ ఆపుకోలేకపోయింది.

ఆ వేసవిలో రెయినో పని విరమించి చేపలు పట్టుకోవడానికి చెరువు ఒడ్డున గుడిసె వేసుకున్నాడు. పోతూ పోతూ రొట్టె ఎలా చెయ్యాలో కాగితం మీద రాసిచ్చాడు. గంట పని డ్రోబ్నిక్ వెర్నాకి అప్పజెప్పాడు. ఆమె ఓస్ట్‌బీతో మాట్లాడి ఓ పద్ధతి పెట్టుకుంది. అక్టోబరు నుంచి రెండు నెలలు రొట్టె, మూడో నెల రొట్టె లేకుండా గంట. ఆ మూడో నెలంతా ఎవరో ఒకరి గది తలుపు కిర్రుమంటుంది.

సెప్టెంబరులో నాలుగో తరగతికి మార్లిస్ అని కొత్త టీచరు వచ్చింది. మొదటి గంటకి ఆ కొత్త టీచరే అందరికన్నా ముందు జెండా కర్ర దగ్గరుంది, చేతిలో సుద్దముక్కతో. వెనకే తరగతంతా వరుసగా పరిగెత్తుకొచ్చింది. డ్రోబ్నిక్ ప్రశంసాపత్రం కోసం కలం తీశాడు. సాయంత్రం వెర్నా ఓ స్కార్ఫు తీసుకెళ్లి మార్లిస్ బల్లమీద పెట్టింది.

"మెట్ల మీద దొరికిందమ్మా. పిల్లి ఈడ్చుకెళ్లుంటుంది."

అక్టోబరులో ఓ పొద్దున టీచర్ల గదిలో వెర్నా చేసిన మొదటి రొట్టె వెలిసింది. అడుగు మాడింది. అల్లిక విడిపోయింది. డ్రోబ్నిక్ ఓ ముక్క కొరికి దవడ పట్టుకున్నాడు.

"రెయినో బెడద వదిలిందనుకుంటే నువ్వు తయారయ్యావా వెర్నా? నీ కడుపులో కూడా మాట ఆగదా?"

"రొట్టెకీ గంటకీ ఏంటి సంబంధం?" అంది వెర్నా, పళ్లెం మార్లిస్ వైపు జరుపుతూ. "తినమ్మా. పదిన్నరలోపు మాత్రం బాత్రూముకి వెళ్లొచ్చెయ్."

మెట్ల కింద అప్పటికే మార్లిస్ పెట్టిన సాసరు, సాసరు నిండా పాలు ఉన్నాయి. వెర్నా ముప్పయ్యేళ్లుగా నల్ల కాఫీయే తాగిన మనిషి. ఆ నెలనుంచి పాల కాఫీ అలవాటు చేసుకుంది.