అరుంధతి కనపడని వేసవి

మొన్న వేసవిలో ఒక సాయంత్రం కరెంటు పోతే, కాస్త గాలికోసమని నేనూ మా మనవరాలూ అపార్ట్‌మెంట్ మేడమీదికి వెళ్లాం. విజయనగరంలో అంత చీకటి ఆ పిల్ల ఎప్పుడూ చూసినట్టు లేదు, చుక్కలు చూసి సరదా పుట్టి ఫోను తీసి పైకి పట్టింది. అందులో ఏ చుక్క దగ్గర ఆ చుక్క పేరు పడుతోంది. ఎవరేం చెప్పినా ముందు నమ్మకపోవడం నాకు పుట్టుకతో వచ్చిన గుణం. పాలవాడి దగ్గర్నుంచి పంచాంగం దాకా దేన్నీ ఊరికే వదిలిపెట్టను. అందుకని ఆ ఫోను పుచ్చుకుని నేలకేసి తిప్పాను. సిమెంటు గచ్చులో కూడా చుక్కలు చూపించింది! అవి భూమికి అవతలి వైపున్న చుక్కలు నానమ్మా అని మనవరాలు దాన్ని వెనకేసుకొచ్చింది గాని, అప్పటికే దానిమీద నాకు గురి పోయింది.

అయినా అరుంధతిని చూపించమని మనవరాల్ని అడిగాను. చూపించి, కింద రాసి ఉన్నదంతా చదివింది. తెల్లటి నక్షత్రమట, మన సూర్యుడికంటే బాగా వేడిదట, బరువులో ఇంచుమించు ఇద్దరు సూర్యుల పెట్టట, తన చుట్టూ తాను మహా జోరుగా తిరుగుతుందట. ఇంత ఉండీ మనకి మినుకు మినుకుమంటూ కనబడడానికి కారణం దూరమేనట, అక్కడ బయల్దేరిన వెలుగు ఇక్కడికి రావడానికి ఎనభై ఏళ్లు పైమాటేనట. హైస్కూల్లో సైన్సు చెప్పి రిటైరయినదాన్ని కనక ఇందులో చాలావరకు నాకు కొత్త కాదు. కొత్త సంగతల్లా ఒకటే. దాని వెలుగు చాటున ఓ చిన్న ఎర్ర చుక్క దాన్ని అంటిపెట్టుకుని ఉందని మొన్నమొన్ననే కనిపెట్టారట. ఇన్నాళ్లూ ఎవరి కంటా పడకుండా దాచుకుందన్నమాట. ఆ ఒక్క మాటా నేను వెంటనే నమ్మాను, ఎందుకంటే అరుంధతి విషయంలో దాపరికం లేని మనిషిని నేనింతవరకు చూడలేదు.

మన ఈడువాళ్లకి చెప్పక్కర్లేదు. పెళ్లిలో పురోహితుడు పందిరి బయటికి తీసుకెళ్లి వేలు పైకెత్తితే, మబ్బు పట్టి ఉన్నా, మిట్టమధ్యాహ్నమైనా, కనిపించిందని తలూపేస్తాం. నేనూ ఊపాను, మా ఆయనా ఊపారు. కాని కోటబొమ్మాళిలో మా అత్తవారి వీధిలో ఆ తలూపుడు చెల్లేది కాదు. దినుసుల వ్యాపారం చేసుకునే కుటుంబాలన్నీ ఒకే వరసలో ఉండేవి, ముందు దుకాణం, వెనక ఇల్లు, పైన మేడ. ఆ వీధిలో ఎవరింట్లో పెళ్లైనా, మబ్బులేని మొదటి సాయంత్రం కొత్త జంటని మా మేడమీదికి తీసుకొచ్చి మా అత్తగారికి అప్పగించేవారు. ఆవిడ కళ్లు అంత చురుకైనవి. సప్తర్షుల తోకలో నడిమి చుక్క వశిష్ఠుడని, ఆయన పక్కనే చూడమని చెప్పి, నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడేవారు. కనిపించిందంటే ఒప్పుకునేవారు కాదు. "అగుపడతన్నాదంటే సాలదు. ఏ పక్కనున్నాదో సెప్పు" అనేవారు. కుడిపక్క, కాస్త కిందుగా అని చెప్పేదాకా పెళ్లికొడుకునైనా సరే మెట్లు దిగనిచ్చేవారు కాదు. నా అనుమానం గుణానికి ఆ ఇంట్లో దొరికిన మొదటి తోడు మా అత్తగారే అనిపించి, నాకావిడంటే భయంతోపాటు ఇష్టం కూడా పుట్టింది.

నాకు ఉద్యోగమొచ్చిన కొత్తలో, ఆ చుక్క మూలంగానే ఆవిడ ప్రాణం మీద ఆశ వదిలేసుకున్నారు. అరుంధతి కనపడనివాళ్లు ఆరు నెలల్లో పోతారని ఆ రోజుల్లో అందరూ అనుకునేవారు, ఆవిడ అనుకోవడమే కాదు, గట్టిగా నమ్మారు. ఆవిడకి చుక్క కనపడ్డం మానేసింది. ఆ సంగతి మాకెవరికీ తెలియదు. మాకు తెలిసిందల్లా మోకాళ్ల నొప్పులని మేడెక్కడం మానేశారని, ఇనప్పెట్టె తాళంచెవి తనంత తాను తీసి మా తోడికోడలి చేతిలో పెట్టారని, నన్ను కూచోబెట్టి ఆవకాయ పాళ్లు చెప్పడం మొదలుపెట్టారని మాత్రమే.

ఇక ఇంట్లో ఎవరి అనుమానాలు వాళ్లవి. తాళంచెవి దొరికిందన్న సంతోషం మా తోడికోడలికి ఒక్క పూట కూడా నిలవలేదు, పెట్టెలోది ముందే కూతురికి పంపేసి ఖాళీ పెట్టె తనకిచ్చారేమోనని తీసి చూసి, అన్నీ ఉండేసరికి ఇంకా ఎక్కువ అనుమానపడింది. కోడళ్లిద్దరం కలిసి ఆవిడనేదో అని ఉంటామని మామగారి అనుమానం. అన్నది నేనేనని మా ఆయన అనుమానం. అన్నంలో రాళ్లు రావడం మొదలైంది, మామగారి పన్ను కింద కటుక్కుమనేది, బియ్యం ఏరే మా అత్తగారిని అనుమానించాలని ఎవరికీ తోచక నన్ను చూసేవారు. నేను మాత్రం ఆవిడ మోకాళ్లని అనుమానించాను. మేడ మెట్లు ఎక్కలేని మనిషి, నిచ్చెన వేసుకుని అటకెక్కి ఊరగాయ జాడీలు దింపడం నా కళ్లారా చూశాను.

అలా ఉండగా పక్కింటి కొత్త జంటని తీసుకొచ్చారు. నువ్వు చూపించెయ్యవే అన్నారు అత్తగారు. మీరు లేకపోతే ఎలాగని నేను పట్టుబట్టాను, పెళ్లివారి ముందు కాదనలేక మెల్లిగా పైకొచ్చారు. వచ్చి, తల ఎత్తి, అలవాటైన దిక్కుకి వేలు చూపించారు. ఆ వేలు ఎక్కడికో చూపిస్తోంది. జంటని కిందికి పంపేసి, ఏ పక్కనుంది అత్తయ్యా అని అడిగాను. ఆవిడ నా చెయ్యి పట్టుకుని పిట్టగోడ దగ్గర కూలబడ్డారు.

"అగుపడ్డం నేదే. సివరాత్రి నుంచీ అగుపడ్డం నేదు. ఎవులికీ సెప్పకు, ముసలాయన బెంగెట్టుకుంటాడు" అన్నారు.

అది చుక్క తప్పు కాదు, కంటిలో పొర వచ్చింది, చిన్న ఆపరేషన్‌తో పోతుందని, నాకు తెలిసిన సైన్సంతా చెప్పాను. ఆ నక్షత్రం ఎంత పెద్దదో, ఎంత వేడిదో, దానికి మన చావుబతుకులతో ఏ సంబంధమూ లేదని, ఇవాళ కనపడే వెలుగు మీరు పుట్టకముందే అక్కడినుంచి బయల్దేరిందని చెప్పాను. ఆవిడ అంతా విని, అంత ముందే బయల్దేరిందంటే నా సంగతి దానికి ముందే తెలుసన్నమాట అన్నారు. పోయేదానికి వైద్యమెందుకే అని కళ్లు తుడుచుకున్నారు. సైన్సు టీచరుగా అంత ఘోరంగా నేనెప్పుడూ ఓడిపోలేదు.

చెప్పొద్దన్న మాట నేను నిలబెట్టుకోలేదు, నిలబెట్టుకునుంటే ఈ కథే ఉండేది కాదు. కిందికి వచ్చి తిన్నగా మామగారికి చెప్పేశాను. ఆయన చేతిలోని తూకం రాయి గల్లాపెట్టె మీద పెట్టి, లోపలికొచ్చి, అప్పటికి మేడ దిగి వంటింట్లో ఏడుస్తున్న అత్తగారి ఎదురుగా గడప మీద కూచున్నారు. ఎప్పుడూ దుకాణంలో తప్ప గొంతు విప్పని మనిషి. కాసేపు తల గోక్కుని, మెల్లిగా అన్నారు.

"ఒసే, నాకు పెళ్లినాడూ అగుపడనేదు. నిన్నా అగుపడనేదు. నేను సచ్చిపోనానేటి?"

అత్తగారు ఏడుపు ఆపేశారు. "ఏటీ? ఇన్నేళ్లూ కుడిపక్కనున్నాదని సెప్పినావు కదేటి?"

"నువ్వు అందరికీ సెప్తంటే ఇని సెప్పినాను."

ఆ తరవాత ఆవిడకి వచ్చిన కోపం నేను జన్మలో మరిచిపోను. ఊళ్లో జంటలన్నిటినీ నిలదీసిన మనిషిని సొంత మొగుడే అన్నేళ్లు మోసం చేశాడు! ఇంకా ఏమేం చూడకుండా చూశానన్నావో చెప్పమని నిలదీశారు. కూతురి పెళ్లి సంబంధం చూసొచ్చానన్నది నిజమేనా అని అడిగారు. ఆ రాత్రి భోజనాలయ్యేదాకా ప్రశ్నలే. ఆ కోపంలో చావు సంగతి పూర్తిగా మరిచిపోయారు. తెల్లారి లేచి, ఈయన్ని కనిపెట్టి ఉండాలంటే నాకు కళ్లుండాలే అని, శ్రీకాకుళం ఆస్పత్రికి తనే ప్రయాణమయ్యారు.

ఆపరేషనయ్యాక సోడాబుడ్డి కళ్లద్దాలతో మేడెక్కి పైకి చూసి, ఉన్నాదని ఒక్క మాటన్నారు. ఏ పక్కనని నేను అడిగాను, అడిగినందుకు తిట్లు తిన్నాను. ఆ తరవాత చాలా ఏళ్లు బతికారు. మామగారు చెప్పిన ఒక్క మాటా నమ్మకుండా, ఆయన్ని ఒక్కపూటా కనుమరుగు కానివ్వకుండా, హాయిగా బతికారు.

ఇప్పుడనిపిస్తుంది, ఆ ఇంట్లో అందరం ఒకర్నొకరం అంతలా అనుమానించుకునే వాళ్లమంటే, అంతలా చూసుకునేవాళ్లమని కదా! ఎవరు ఎన్ని ముద్దలు తిన్నారు, ఎవరు ఏ మెట్టు దగ్గర ఆగారు, ఎవరి గొంతు పొద్దున ఒకలా సాయంత్రం ఒకలా ఉంది, అన్నీ పట్టించుకునేవాళ్లం. ఇప్పటి పిల్లలు మంచివాళ్లు, మర్యాద తెలిసినవాళ్లు, ఎవరినీ గుచ్చి గుచ్చి అడగరు. కొత్తవలసనుంచి మా చిన్నవాడు రోజూ ఫోను చేసి బాగున్నావా అమ్మా అంటాడు, బాగున్నానంటే సరే అంటాడు. ఇక్కడ పెద్దవాడూ కోడలూ అంతే, నా మాట మీద వాళ్లకెంతో నమ్మకం. ఈమధ్య నేను పేపరు చదవడం మానేశాను. అందులో ఏముంటుందిలే అన్నాను. నిజమే, ఏముంటుంది అన్నారు అందరూ. ఒక్కరూ అనుమానపడలేదు.