బల్లకు పోసిన నీళ్లు

గార్లదిన్నె బస్టాపులో పాత చెక్కబల్ల ఒకటి ఉండేది. ఎండకు నిలువునా పగుళ్లిచ్చింది. ఆ వేసవిలో ఒక మధ్యాహ్నం దాని మీద నేనూ, ముక్కూమొహం తెలియని ఒకాయనా కూర్చున్నాం. ఆయన సీసాలో మిగిలిన నీళ్లు ఆ పగులులోకి పోసి, తువ్వాలుతో మెల్లగా అద్దినాడు.

నాకు ఒళ్లు మండింది. "ఏమప్పా, తాగేదానికే నీళ్లు లేవు, బల్లకు పోస్తాండావే?"

ఆయన ఉలిక్కిపడి, సిగ్గుగా నవ్వినాడు. "చేతికి అలవాటైపోయిందన్నా. సముద్రంలో మునిగిన పాతకాలపు ఓడను బయటికి తీసినారు. దాని చెక్కలు తడపడమే నా పని. ఇన్నేండ్లూ నీళ్లే వాటిని నిలబెట్టినాయి. ఒక్కసారిగా ఎండితే పగిలిపోతాయి."

"ఎన్నాళ్లు తడుపుతారు?"

"ఏండ్లు పడతాది. మెల్లగా ఆరనియ్యల్ల. ఆడ నాకు మాట్లాడేదానికి మనిషి లేడన్నా, ఆ చెక్కలతోనే మాట్లాడుకుంటా."

ఆయన ఎక్కిన బస్సు మలుపు తిరిగేలోపే బల్ల మీద తడి ఆరిపోయింది.

నా భార్య పోయి అప్పటికి నెల కూడా కాలేదు. ఇంటికి పోతే, దండెం మీది ఆమె చీర తీసి మా అన్న మడత పెడతాండాడు.

"ఇంగ చాలురా, మనసు గట్టి చేసుకో," అన్నాడు.

చీర తీసుకొని మళ్లా దండెం మీదే వేసినాను.

"ఉండనీన్నా," అన్నాను. "మెల్లగా."