ఎదురు మనుషుల్లేని రోడ్డు

వరంగల్ స్టేషన్ ముందు నా భర్త అంబాసిడర్ టాక్సీ నడిపేవాడు. చలికాలం పొద్దున బండి మొండికేస్తే ఆయన ముందు నుంచి హ్యాండిల్ తిప్పేవాడు, నేను లోపల కూర్చుని యాక్సిలరేటర్ తొక్కేదాన్ని. ఎనుమాముల మార్కెట్ మిర్చి వ్యాపారులు ఎక్కిన రోజున సీట్లు ఎంత తుడిచినా ఘాటు పోయేది కాదు. ఇద్దరం తుమ్ముకుంటూ నవ్వుకునేవాళ్లం.

కోడి అడ్డం వచ్చినా ఆగేవాడాయన. ఒకసారి నెక్కొండ నుంచి నొప్పులు పడుతున్న ఒకామెను దవాఖానకు తెచ్చాడు. గుంతల్లో బండిని ఎంత మెల్లగా దించాడో, దిగేటప్పుడు ఆమె తల్లి ఆయన చేతులు పట్టుకుని ఏడ్చిందట.

తర్వాత పక్కల నుంచి వచ్చేవి ఆయనకు కనబడటం మానేశాయి. ఒక మధ్యాహ్నం చౌరస్తాలో సైకిల్‌కు తగిలించాడు. సైకిలాయనకు మోచేయి గీసుకుపోయింది, అంతే. ఈయన మాత్రం మర్నాడే కళ్లు చూపించుకున్నాడు. కంటి డాక్టరు నీటికాసుల జబ్బన్నాడు. పోయిన చూపు రాదు, ఉన్నదీ నిలవకపోవచ్చన్నాడు. ఆ వారమే బండి అమ్మేశాం.

ఎనభైల చివర్లో హన్మకొండలో ఎగ్జిబిషన్ పెట్టారు. ఒక డేరాలో కారు నడిపే వీడియో గేమ్ ఉంది. స్టీరింగ్ చూడగానే నేనే ఆయన్ని బలవంతాన కూర్చోబెట్టాను. ఆయన ఎడమకాలు క్లచ్ కోసం వెతికింది. చెయ్యి గేరు కోసం పోయింది. తెర మీద రోడ్డు కదలగానే మొహం వెలిగింది. అంతలో పక్క నుంచి ఎర్ర కారొకటి వచ్చి గుద్దింది. వెంటనే ఇంకొకటి.

"ఫికర్ జెయ్యకుండ్రి సార్, గుద్దినా ఏం గాదు. మల్ల షురువైతది," అన్నాడు గేమ్ నడిపేవాడు.

ఆయన బ్రేకు మీద నుంచి కాలు తియ్యలేదు. "గీ తోవల మనుషులెవ్వరు నడుస్తలేరా?" అని నన్నడిగాడు.

"ఆటనే గదయ్యా. జర పోనియ్యి."

"నాతోని గాదే," అని లేచాడు.

బయట జనంలో నా భుజం పట్టుకుని నడిచాడు. అంతకుముందు ఎన్నడూ అలా పట్టుకోలేదు.

తర్వాతి వానాకాలానికి ఉన్న చూపూ పోయింది. స్టాండులో టాక్సీల చోట ఆటోలు నిండాయి. దోస్తులు కొన్నాళ్లు వచ్చిపోయారు, ఆ తర్వాత రాలేదు. ఆయన రోజంతా గడప దగ్గర కుర్చీలో కూర్చునేవాడు. మొదట్లో చప్పుడు విని, పోయేది ఏ బండో నాకు చెప్పేవాడు. కొన్నాళ్లకు నేనడిగినా చెప్పలేదు. నేనూ అడగడం మానేశాను.