పేరు పలకని ఫిర్యాదు

మా పక్కింటి పిన్నమ్మ మొన్న తెల్లవారుజామున పోయింది. పాలావిడ తలుపు తట్టి చెబితే నాకు ముందు పిన్నమ్మమీదే కోపం వచ్చింది. ముందురోజు సాయంత్రం నా చారులో ఉప్పు తక్కువైందని పోట్లాడి వెళ్ళిన మనిషి పోవడమేమిటి!

బిలాస్‌పూర్ స్టేషను వెనక మా వీధిలో ఉన్నవాళ్ళమంతా విశాఖపట్నం వైపు నుంచి రైలు పనికి వచ్చినవాళ్ళమే. పిన్నమ్మ పెనిమిటి షెడ్డులో పనిచేసేవాడు. ఆయన జ్వరంతో పోయాక ఆమెకు మిగిలినవి ఒక కూతురూ, ఆయన కట్టిన రెండు గదుల పెంకుటిల్లూ. తమ్ముడు పోయాడు కాబట్టి ఇల్లు తనదేనన్నాడు ఆమె బావగారు. ఒకరోజు గడ్డపార పట్టుకుని వచ్చాడు.

"ఇల్లిడిసి పోకపోతే తల్లీకూతుళ్ళిద్దర్నీ ఇందులోనే పాతేస్తాను!"

పిన్నమ్మ ఏం చేసిందనుకున్నారు? ముందు తలమీదికి కొంగు లాక్కుంది. బావగారి ముందు ముసుగు మనవైపు అలవాటు కాదు, ఇక్కడి హిందీవాళ్ళను చూసి నేర్చుకుంది. ఆ ముసుగులోంచే కూతురితో, "అచ్ఛా, కచేరీకి పోతానని సెప్పు" అంది. ఆయన ఎదురుగానే ఉన్నాడు.

మేజిస్ట్రేటు కచేరీకి నన్ను తోడు తీసుకెళ్ళింది. అర్జీలో ఆయన పేరు నేనే రాయించాను. కానీ ఆమె నోటితో కూడా చెప్పాలట.

"ఎవరు బెదిరించారు?" అన్నాడు మేజిస్ట్రేటు.

"మా ఆయన అన్నగారు సాబ్."

"పేరు?"

నోరు విప్పదే! బావగారి పేరు పలకకూడదని మనవాళ్ళ పట్టింపు. "సెప్పు పిన్నమ్మా, అర్జీ కొట్టేస్తారు" అని గిల్లాను. చివరికి, "కొండమీద దేవుడి పేరు సాబ్" అంది.

"ఏ కొండ?"

కచేరీ అంతా నవ్వింది. నాకు ఏడుపొచ్చింది. ఈ అర్జీ పోతే ఆ గడ్డపార మళ్ళీ వస్తుంది కదా.

అప్పుడు, సమన్లు అందుకుని వచ్చి వెనక నిలబడ్డ బావగారే ముందుకొచ్చాడు. "నానే బాబూ. మా తమ్ముడి పెళ్ళం నా పేరెలా సెప్తాది? ఏటా అడగడం?" అని ఎదురు కసిరాడు.

"బెదిరించావా?"

"బెదిరించినాను."

ఏడాదిపాటు ఆ ఇంటి గుమ్మం తొక్కనని ఆయన చేత ముచ్చలికా, అదే పూచీ కాగితం, రాయించుకున్నారు.

ఎందుకు ఒప్పుకున్నాడు? నాకు ఇప్పటికీ అంతుపట్టదు. పిన్నమ్మనడిగితే పప్పు ఏరుకుంటూ, "బయమూ ఆయనంటేనే, మరియాదా ఆయనంటేనే. ఏటి సేసీది పిల్లా?" అనేది. గడువు తీరాక కూడా ఆయన రాలేదు. ఈమె మాత్రం పట్టపగలు కూడా గడియ తీసేది కాదు. మళ్ళీ పండగ వస్తే కూతురి చేత ఆయనకు బూరెలు పంపేది! "నీకేమైనా పిచ్చా?" అని తిట్టేదాన్ని. నవ్వేసేది. వణుకుతూనే కచేరీ మెట్లెక్కవచ్చని నాకు చూపించింది ఆమే. ఆ ఇంట్లోనే కూతురి పెళ్ళి చేసింది, ఆ ఇంట్లోనే కన్నుమూసింది.

మొన్న పిన్నమ్మను చాపమీద పడుకోబెట్టాక బావగారు వచ్చాడు. బాగా ముసలివాడైపోయాడు. గుమ్మం అవతలే ఆగి, "లోనికి రావచ్చా అమ్మా?" అన్నాడు. కూతురు అత్తవారింటి నుంచి ఇంకా రాలేదు, నన్నే అడిగాడు. ముచ్చలికా గడువు తీరి ఎన్నేళ్ళో అయింది. రమ్మనాలో పొమ్మనాలో తోచక పిన్నమ్మ వైపు చూశాను. తలమీద కొంగు లేదు. ఆయన ఎదుట ఆమెను అలా ఎప్పుడూ చూడలేదు. వంగి, ఆమె కొంగును నుదుటి దాకా లాగాను.

ఆయన ఇంకా గుమ్మం అవతలే నిలబడి ఉన్నాడు.