కూర్చోని గుమాస్తా

నీటి సరఫరా ఆఫీసులో స్తంభం గారికి ఒక్కటే పంతం: కూర్చోరు. ప్రమోషన్ ఇచ్చేదాకా ఆఫీసులో కుర్చీ ముట్టనని ఒట్టు పెట్టుకున్నారు. బల్ల కాళ్ల కింద ఇటుకలు పెట్టించి, నిలబడే రాసేవారు. టీ నిలబడే తాగేవారు. మధ్యాహ్నం కునుకు కూడా బీరువాకు ఆనుకుని నిలబడే తీసేవారు. అలా అందరికీ స్తంభం గారైపోయారు; కన్నతల్లి పెట్టిన పేరు జీతాల పట్టీలో తప్ప ఇంకెక్కడా కనబడేది కాదు.

ఆ పంతానికి ఎక్కువ నలిగిపోయింది సూపరింటెండెంటు. ఒకప్పుడు ఆయన దగ్గరే పని నేర్చుకున్న అమ్మాయి. ఆయన మీద కేసు నడుస్తుండగా ఆయన్ని దాటి పైకెక్కింది. ఆయన్ని నిలబెట్టి తాను కూర్చుని మాట్లాడాలంటే ఆవిడకు కుర్చీలో ముళ్లున్నట్టుండేది.

"కూర్చోండి సార్, మీకు దణ్ణం పెడతాను."

"సార్ ఏంటి మేడమ్! మీరు పైవాళ్లు. కిందివాణ్ణి నిలబడనివ్వండి."

అలా అని కళ్లు చికిలించి నవ్వేవారు. ఉడుక్కుని ఆవిడా లేచి నిలబడేది. ఆఫీసరు నిలబడితే మిగతావాళ్లు కూర్చుంటారా? ఆఫీసంతా లేచేది. ఒకసారి బిల్లు కట్టడానికి వచ్చినాయన, ఎవరో పెద్దమనిషి పోయారనుకుని తల వంచుకుని మౌనం పాటించాడు.

కేసంటే పెద్ద కేసే. స్టోరులోంచి మీటర్లు మాయమయ్యాయి, ఈయనే అమ్ముకున్నారన్నారు. ఏళ్లకేళ్లు కోర్టు చుట్టూ తిరిగాక, అవి పక్క గదిలో పైపుల కింద నిక్షేపంగా దొరికాయి. జడ్జి నిర్దోషి అని తేల్చేశారు. ఆఫీసు మాత్రం తేల్చలేదు. కేసు తేలేదాకా అని సీలు వేసిన కవరులో పెట్టిన ఆయన ప్రమోషన్ అందులోనే ఉండిపోయింది. కవరు విప్పడానికి పై ఆఫీసు అనుమతి కావాలి. లోపల ఏముందో రాస్తేగానీ పై ఆఫీసు అనుమతి ఇవ్వదు.

"ఏముందో రాయాలంటే విప్పాలి కదండీ!" అని ఆవిడ ఫోన్లో మొత్తుకునేది.

"విప్పాలంటే ముందు రాయాలి కదమ్మా!" అని అటునుంచి జవాబు.

చివరికి ఆవిడే పై ఆఫీసుకు వెళ్లి పెద్దాఫీసరు ఎదుట నిలబడింది. కూర్చోమంటే కూర్చోలేదు. "మా ఆఫీసులో ఇదే అలవాటండీ, ఫైలు కదిలేదాకా," అంది. సాయంత్రానికి కవరు తెరుచుకుంది.

ఉత్తర్వు పట్టుకుని నేరుగా స్తంభం గారింటికి వెళ్లింది. తలుపు తీసిన ఆయన భార్యతో, "ఇక సార్ని కూర్చోబెట్టొచ్చండీ!" అంది.

"కూర్చోబెట్టడమా? లేపి పుణ్యం కట్టుకో తల్లీ! ఇంటికి రాగానే ఆ కుర్చీలో పడితే అన్నానికి కూడా లేవరు."

నిజమే. స్తంభం గారు పడక్కుర్చీలో, కాళ్లు స్టూలు మీద బారజాపుకుని, హాయిగా అడ్డంగా ఉన్నారు. ఉత్తర్వు చదువుకున్నారు. మొహం వెలిగింది. అంతలోనే వేలాడిపోయింది.

"కొంప ముంచావు కదమ్మాయ్!"

"అదేంటి సార్?"

"మొదటి వారం కోపంతోనే నిలబడ్డా. అడ్డంగా ఉందని నా కుర్చీ కౌంటరు బయటికి జరిపారు. చూస్తే ఓ నిండు చూలాలు అందులో కూర్చుని ఉంది. ఆవిడ లేచాక ఓ ముసలాయన. జనానికి కుర్చీలు వెయ్యొద్దని మనకు రూలు కదా, వేస్తే కదలరని! నా కుర్చీ స్టాఫుది కాబట్టి దాని జోలికి మాత్రం ఎవడూ రాడు. నువ్వు లోపలి గదిలో ఉంటావు, నీకు కనబడదు. ఇప్పుడు నేను కూర్చుంటే వాళ్లు నిలబడాలి."

ఇన్నేళ్లూ అది తనను దెప్పడానికే అనుకుంది ఆవిడ.

"ఆ రూలు మార్చమని రేపే రాస్తాను సార్."

"రాయి. జవాబు వచ్చేసరికి నేను రిటైరవుతా. ఈలోగా?"

ఆవిడ ఉత్తర్వు తీసుకుని మళ్లీ చదివింది. పెదవి చివర నవ్వు మొలిచింది.

"ప్రమోషన్ ఇవాళ్టి నుంచే ఇచ్చారు సార్. మీ జూనియర్లకు ఇచ్చిన తేదీ నుంచి ఇవ్వలేదు. అంటే సీనియారిటీ ఎగ్గొట్టారు. ఆ ఫైలు రేపే కదుపుతాను. కానీ ఇంత అన్యాయం జరిగాక మీరెలా కూర్చుంటారు?"

స్తంభం గారు ఒక్క ఉదుటున లేచారు.

మర్నాడు ఆఫీసు దద్దరిల్లింది.

"సీనియారిటీ ఇచ్చేదాకా కూర్చునే ప్రసక్తే లేదు!"

"మీ మొండితనంతో చచ్చిపోతున్నానండీ!" అని సూపరింటెండెంటు అంతకంటే గట్టిగా అరిచింది.

కౌంటరు బయట కుర్చీలో సంచీ ఒళ్లో పెట్టుకుని కూర్చున్న పెద్దావిడ ఆ గోల విని, వెనకున్నామెతో జాలిగా అంది: "పాపం, ఆయనకు కుర్చీ ఇవ్వలేదేమోనమ్మా!"