బాపుకు కొట్టని డప్పు

బాపు పోయిన రోజు నేను చేసిన పనికి ఇప్పటికీ నా మీద నాకే ఒళ్లు మండుతుంది.

కోస్గి దగ్గర మా ఊళ్లో ఎవరింట్లో చావు జరిగినా డప్పు మావాళ్లే కొట్టాలి. కబురొస్తే తింటున్న ముద్ద వదిలేసి పరుగెత్తాలి. ఇస్తే నాలుగు గింజలు, లేకపోతే అదీ లేదు. ఆ వెట్టి మీద అసహ్యంతోనే నేను జడ్చర్ల వచ్చి మందుల కంపెనీలో చేరాను, చర్చిలో పెళ్లి చేసుకున్నాను, కిరాయి ఇంటికి బాపును తెచ్చుకున్నాను. డప్పు ఊళ్లోనే పారెయ్యమంటే ఆయన వినలేదు. గోనెసంచిలో చుట్టి తెచ్చి మంచం కింద పెట్టుకున్నాడు.

నాకు కొట్టడం నేర్పిందీ ఆయనే. మంచం పట్టాక ఒకటే మాట అడిగేవాడు.

"ఊరందర్ని నేనే సాగనంపిన, బిడ్డా. నన్ను నువ్వు సాగనంపాలె. జర రెండు దెబ్బలేసినా సాలు."

"సరే బాపు" అన్నాను. అనడానికి నాదేం పోయింది?

ఆయన పోయిన పొద్దున సంచి విప్పి, పెరట్లో గడ్డి మంట వేసి డప్పు కాచబోయాను. వేడి తగిలితేనే తోలు బిగుస్తుంది. చర్చిలో పెద్దమనిషైన మా మామ వచ్చి నా పక్కన కూర్చున్నాడు.

"గివన్ని ఇడిచిపెట్టే కదా అల్లుడా మనం ప్రభువు దగ్గరికొచ్చింది. గిప్పుడు మల్ల ఎందుకు? పాటలు పాడుకుంట తీస్కపోదం."

ఆయన్ని అని లాభం లేదు. నేను గట్టిగా చెబితే ఊరుకునేవాడే. కానీ అప్పుడే మేడ మెట్ల మీద ఇంటి ఓనర్ చెప్పుల చప్పుడు వినిపించింది. మేమెవరమో ఆయనకు అప్పటిదాకా చెప్పలేదు. డప్పు మోగితే చెప్పకుండానే తెలిసిపోతుంది. మంట మీద చెంబెడు నీళ్లు పోసి డప్పును సంచిలోకి తోశాను. బాపును పాటలతోనే తీసుకుపోయాం.

ఆ ఏడే రాష్ట్రం వచ్చిన రోజును కంపెనీలో పండుగలా చేశారు. "మన సంస్కృతి కనిపించాలి, డప్పు ఎవరికొచ్చు?" అని మేనేజర్ అడిగితే సిగ్గూ శరం లేకుండా చెయ్యెత్తాను. బాపు డప్పే పట్టుకెళ్లి వేళ్లు బొబ్బలెక్కేదాకా కొట్టాను. మైకులో నన్ను కళాకారుడన్నారు, శాలువా కప్పారు. పిలిస్తే వచ్చిన మామ కూడా చప్పట్లు కొట్టాడు. అబద్ధమెందుకు, నాకు తియ్యగానే ఉండింది.

ఇంటికొచ్చాక నా భార్య బొబ్బలకు కొబ్బరినూనె రాస్తూ, తల ఎత్తకుండా అంది.

"మంచిగ కొట్టినవ్. మరి బాపు పోయిన దినం గీ చేతులకేమైండె?"

చేతులకేం కాలేదు.