ఊళ్లో డిపో, గరాజ్‌లో బస్తాలు

మా ఆయన ఊళ్లో రేషన్ డిపో డీలరు. ఆయన పోయాక ఆ లైసెన్సు కారుణ్యం కింద నా పేరు మీదికి వచ్చింది. నేను చదివింది మూడో తరగతి. సంతకం వచ్చు, తూకం వచ్చు. డిపోకి అంతకు మించి అక్కర్లేదు. తరవాత పెద్దమ్మాయి పురిటికని ఆస్ట్రేలియాలో వాళ్లుండే పాయింట్ కుక్ వచ్చాను. పురుడయింది, పుట్టిన పిల్ల బడికి కూడా వెళుతోంది, నేనింకా ఇక్కడే ఉన్నాను. ఊళ్లో డిపో నడిపేది మా చిన్నమ్మాయి. దాని కాపురం ఆ ఊళ్లోనే. మొగుడు మంచం పట్టాడు. డిపో మీదే దాని ఇల్లు గడవాలి.

ఆ డిపో మా మరిది కొడుక్కి కావలసివచ్చింది. ఆర్డీవోకి అర్జీ పెట్టాడు. డీలరు విదేశంలో ఉంది కాబట్టి లైసెన్సు చెల్లదట. సర్కారు ఉద్యోగి పోతే పెళ్లయిన కూతురికి ఆ ఉద్యోగం ఇవ్వకూడదని రూలుందట, డిపోకీ అదే వర్తిస్తుందట. కాబట్టి తనకే ఇవ్వాలట. ఇదంతా వకీలు చేత చక్కగా రాయించాడు. విచారణకి నన్ను వీడియోలో హాజరు కమ్మన్నారు.

“లివింగ్ రూమ్‌లో కూర్చోమ్మా, లైటింగ్ బాగుంటుంది,” అంది పెద్దమ్మాయి.

“గోడంత టీవీ కనబడితే వీళ్లకి డిపో ఎందుకంటారు. గరాజ్‌లో కూర్చుంటా.”

“గరాజ్ ఫ్రీజింగ్‌గా ఉంటుందమ్మా.”

“శాలువా ఉంది.”

గరాజ్‌లో ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని కూర్చున్నాను. తెర మీద ఆర్డీవో మేడమ్, ఒక పక్క మరిది కొడుకూ వాడి వకీలూ, ఇంకో పక్క మా చిన్నమ్మాయి. నేను కనబడగానే వకీలు లేచాడు.

“మేడమ్, ఆవిడ వెనకాల చూడండి. బస్తాలు.”

తిరిగి చూశాను. షాపులో స్పెషల్ అని ధర తగ్గించినప్పుడల్లా కొని పేర్చిన సోనామసూరి బస్తాలు కప్పు దాకా ఉన్నాయి. రోజూ చూసేవే కాబట్టి నాకు గుర్తు రాలేదు.

“రేషన్ బియ్యం ఆస్ట్రేలియాకి దాటించేస్తన్నారండి. నేను ముందే చెప్పాను,” అన్నాడు మరిది కొడుకు.

“ఒరేయ్, ఆ బియ్యం ఓడెక్కిస్తే కిరాయి ఎంతవుద్దో తెలుసా? అంత తెలివితక్కువగా కనపడతన్నానా?”

ఆర్డీవో బస్తా చూపించమన్నారు. పెద్దమ్మాయి ఫోన్ దగ్గరికి పట్టి, మీదున్న ఇంగ్లీషంతా చదివించింది. ఆవిడ ఓపిగ్గా చదువుకుని, “ఇది షాపులో కొన్న బియ్యమే. మీరు కూర్చోండి,” అని వకీలుతో అన్నారు. తరవాత నన్నడిగారు.

“అమ్మా, మీరు తిరిగొచ్చి డిపో నడుపుతారా?”

చిన్నమ్మాయి తలెత్తింది. వస్తానంటే లైసెన్సు నిలుస్తుంది, కానీ నేను వెళ్లాలి. నా మోకాళ్లు ఇప్పుడు బస్తా ఎత్తనివ్వవు. రానంటే నాది పోతుంది. చిన్నదానికి వస్తుందని ఎవరూ మాటివ్వలేదు. వస్తానని చెప్పి రాకుండా ఉండే పని నాకు చేతకాదు.

“రానండి. నాది తీసేసి మా చిన్నదానికి రాయండి.”

“పెళ్లయిన కూతురు వేరే ఇంటి మనిషి మేడమ్,” అన్నాడు వకీలు.

“మా ఆయన పోయింది ఒకటో తారీఖునండి,” అన్నాను. “శవం అరుగు మీద ఉంది. జనం సంచులతో వచ్చేశారు. నేను శవం దగ్గర కూర్చున్నాను. ఆ పూట తూకం ఎవరేశారో మా మరిది కొడుకునే అడగండి. వాడూ పంచదార పట్టుకెళ్లాడు.”

ఆర్డీవో వాడి వైపు తిరిగారు. వాడు వకీలు వైపు చూశాడు. వకీలు కాగితాలు సర్దుకున్నాడు.

“పట్టుకెళ్లారా?”

“ఇంటికి చుట్టాలొచ్చారండి. టీలోకి లేకపోతేను.”

“ఎవరు తూచారు?”

“ఈ అక్కేనండి,” అని చిన్నమ్మాయిని చూపించాడు.

కొన్నాళ్లకి ఆర్డరు వచ్చింది. డిపో తాత్కాలికంగా చిన్నమ్మాయి పేర రాశారు. మరిది కొడుకు హైకోర్టుకి వెళ్లాడు. కేసు ఇంకా నడుస్తోంది. వాడి రేషన్ కార్డు మాత్రం ఆ డిపోలోనే ఉంది. నెలనెలా సంచి పట్టుకుని వస్తాడు.

“వాణ్ణి చూస్తే తూచబుద్ధి కావట్లేదమ్మా,” అంది చిన్నమ్మాయి మొన్న ఫోన్లో.

“సరిగ్గా తూచు. తగ్గితే అదీ కోర్టులో వేస్తాడు,” అన్నాను.